పుర్రెల గదికి తాళం

“నీ సినిమా ఎక్కడికీ పోలేదు. లోపల ఉంది. మీ తాత చూసుకుంటున్నాడు,” అన్నాడు తాన్యే.

ఆయన వసారాలో వెదురు బల్ల మీద కూర్చుని కోలాకాయ చీలుస్తున్నాడు. తాళంచెవి మెడలో ఉంది.

చనిపోయిన పెద్దల తలలు ఉంచి అన్నం పెట్టే పుర్రెల గది ముందు ఎడ్విజ్ నిలబడింది. పొద్దున లేచేసరికి మంచం కింద పెట్టుకున్న సంచి లేదు. అందులో కెమెరా ఉంది. రెండేళ్ళుగా తీసిన బొమ్మంతా ఉన్న డిస్కులున్నాయి. బాబాయి తాన్యే దాన్ని తీసుకెళ్ళి తాత తల పక్కన పెట్టి తాళం వేశాడు.

సుత్తితో ఒక దెబ్బ వేస్తే ఆ తాళం ఊడుతుంది. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు. వారసుడు లేకుండా ఆ గడప దాటినవాళ్ళు బాంజెంగ్ ఊళ్ళో ఇంతవరకు లేరన్నది కూడా ఇద్దరికీ తెలుసు. ఎడ్విజ్ సినిమా చదువు పరాయి దేశంలో, వాగడుగులో చదివింది. కాపురం దువాలా నగరంలో. అయినా పొద్దుట్నుంచి ఆ తలుపును వేలితో ముట్టలేదు.

“దొంగతనం చేశావు బాబాయ్.”

“దొంగతనం ఏమిటి? వారసుణ్ణి. ఈ ప్రాంగణంలో చీపురుపుల్ల దగ్గర్నుంచి నీ దాకా అన్నీ నా కిందివే. భద్రం చేశాను.”

“తలుపు తియ్యి.”

“తీస్తాను. నీ సినిమాలో ఆ జుయిజె ముసల్ది కూర్చుని వాగిందే, అది కోసెయ్. కోశానని మీ నాన్నమ్మ ముందు చెప్పు. మరుక్షణం తీస్తాను.”

“ఆమె వాగలేదు. జరిగింది చెప్పింది.”

“ఏం చెప్పింది? మనం అరవై ఏళ్ళుగా అన్నం పెడుతున్న తల మా నాన్నది కాదట. దాని మొగుడు టేకామ్‌దట. నలుగురు చుట్టాలు కూర్చుని ఉండగా నీ డబ్బాలో అది చూపించావు. మా బావమరిది నా మొహం చూడలేక కోడి తొడ వైపు చూస్తూ కూర్చున్నాడు. తెలుసా నీకు?”

“నువ్వే అడిగావు, ఇంతవరకు తీసింది చూపించమని.”

“మా నాన్న సంగతి తియ్యమన్నాను. పొరుగింటోడి తల సంగతి కాదు.”

ఆ మాట నిజమే. రెండేళ్ళ కిందట దువాలాకు ఫోన్ చేసి కెమెరా పట్టుకు రమ్మన్నది తాన్యేనే. స్వాతంత్ర్యం వచ్చిన ఏడు సైనికులు అడవిలో దాక్కుని పోరాడుతున్నవాళ్ళను చంపి, తలలు కోసి, సంత కూడలిలో కర్రలకు గుచ్చారు. తర్వాత చాలా ఏళ్ళు వాళ్ళ పేర్లు పైకి అనడానికి లేదు, కర్మ చెయ్యడానికి లేదు. బడి పుస్తకంలో ఆ యుద్ధం లేదు. ఈ శనివారం నూబిసికి, అంటే ఎడ్విజ్ తాతకు, ఇన్నేళ్ళకు పెద్దకర్మ. ప్రభుత్వం తరఫున సబ్‌ప్రిఫెక్టు వస్తాడు. నాట్యాల బృందాలు వస్తాయి. గోడకు దుప్పటి కట్టి ఎడ్విజ్ సినిమా వేస్తారు.

అందరికీ ఒకే బట్ట అచ్చు వేయించారు. గుర్తింపు కార్డు మీది నూబిసి ఫొటో, కింద ఆయన పేరు. వంటవాళ్ళు, డప్పులవాళ్ళు, మనవలు అందరూ అదే కట్టుకోవాలి.

“శనివారం ఊరంతా ఆయన మొహం తొడుక్కుని ఆడుతుంది,” అన్నాడు తాన్యే. “మధ్యలో ఆ ముసల్ది దుప్పటి మీద కనిపించి, ఇది మీవాడి తల కాదర్రా అంటే, నేను ఈ వారసుడి టోపీ తీసి ఎక్కడ పెట్టుకోవాలి? పాలు తాగే వయసులో ఆ తల ముందు కూర్చోబెట్టి పెట్టారు దీన్ని.”

“అయితే భయం తల గురించి కాదు. టోపీ గురించి.”

“రెండూ ఒకటే. నువ్వు సినిమా చదువుకున్నావు గానీ ఇంటి సంగతి చదువుకోలేదు.”

“బాబాయ్, తప్పు తల అయితే?”

“అయితే వెళ్ళి మీ తాతనే అడుగు.”

“అక్కడ ఉన్నది ఆయనా కాదా అనేదే కదా గొడవ.”

తాన్యే కోలాకాయ ముక్క నోట్లో వేసుకున్నాడు. నమిలాడు. తర్వాత, “మీ నాన్నమ్మను చూశావా?” అన్నాడు. “ఆమె బట్ట ఇంకా దర్జీ దగ్గరికే పోలేదు. ఈ గొడవతో ఆమెకు తిండి సయించడం లేదు. అది కూడా నీ సినిమాలో పెట్టుకో.”

అవకాడో చెట్టు కింద కారు తలుపు తెరిచి, సీటు వెనక్కి వాల్చి, ఆరూనా పిండి ఉండలు తింటున్నాడు. ఎడ్విజ్ సినిమాలన్నిటికీ శబ్దం పట్టేది అతనే. ఫుంబాన్ ఊరి మనిషి, ఒకప్పుడు ఈ ఊరివాళ్ళకు పగవాళ్ళైన బామూన్ తెగవాడు. ఇక్కడి భాష అతనికి రాదు.

“ఏమన్నాడక్కా పెద్దాయన?”

“జుయిజె అవ్వను కోసెయ్యమన్నాడు.”

“తలలు కొయ్యడం మీవాళ్ళకు కొత్త కాదుగా.”

“మావాళ్ళవి కోశారు. మావాళ్ళు కొయ్యలేదు.”

“సరే, తప్పు. వెనక్కి తీసుకున్నా.” అతను వేళ్ళు తుడుచుకున్నాడు. “నేను మాత్రం ఆ గదిలోకి పోను. ముందే చెప్తున్నా. మీ చచ్చినవాళ్ళు బామూన్ వాడి వాసన పడితే ఊరుకోరు.”

“నిన్నెవరు పొమ్మన్నారు?”

“ఈ ఇంటిదానివి, వారసుడు లేకుండా నువ్వు పోలేవు. పరాయివాణ్ణి, నేను పోను. సినిమా మీ తాత చూస్తాడు. అసలు మీ బాబాయి ఒకటి మర్చిపోయాడు.” ఆరూనా చొక్కా జేబులోని రికార్డరు తట్టాడు. “సినిమా అంటే బొమ్మనుకున్నాడు. మాట నా దగ్గరుంది.”

ఎడ్విజ్ అతని వైపు చూసింది.

“అన్నీనా?”

“రెండేళ్ళవీ. నువ్వు దగ్గింది కూడా ఉంది.”

ఆమె కార్లో కూర్చుని హెడ్‌ఫోన్ పెట్టుకుంది. ముందు జుయిజె మాటలు వేయించుకుంది. ఎక్కడైనా బాబాయికి చూపించగల ఆధారం దొరుకుతుందేమోనని. ఏ పన్ను ఊడింది, ఎక్కడ దెబ్బ, అలాంటిది. జుయిజె అవేమీ చెప్పలేదు. చివర్లో ఎడ్విజ్ గొంతే అడిగింది, టేకామ్‌ను ఇంట్లో ఏమని పిలిచేదానివని. కాసేపు గాలి శబ్దం. తర్వాత జుయిజె, “సెయాప్ అనేదాన్ని. వాళ్ళమ్మ ఊరి పేరు అది. అన్నం దగ్గర, అలిగినప్పుడు. ఇప్పుడు అలా పిలవడానికి నాకు మనిషి లేడు,” అంది.

బాంజెంగ్‌లో ప్రతివాడికీ అలాంటి పేరు ఒకటి ఉంటుంది. తల్లి పుట్టిన ఊరిని బట్టి వస్తుంది. కాగితాల మీదకు ఎక్కదు. చచ్చినవాళ్ళకు అన్నం పెట్టేటప్పుడు ఆ పేరుతో పిలవాలి. పిలవకపోతే తినరు.

“ఆ తర్వాతది పెట్టనా? మొన్న గదిలో నైవేద్యం పెట్టారు చూడు, అది,” అన్నాడు ఆరూనా. “పెద్దాయన గొంతు దూరం పడుతుందని మైకు మీ నాన్నమ్మ రవికెకు గుచ్చాం. బట్ట రాపిడి ఎక్కువ పడింది. పనికొస్తుందో లేదో విను.”

ఎడ్విజ్ విన్నది. దూరంగా తాన్యే గొంతు. నూనె పోస్తూ గట్టిగా పిలుస్తున్నాడు. “నూబిసీ, తెమే, నీ పిల్లలు వచ్చారు.” తెమే తాతకు తల్లి ఊరిని బట్టి వచ్చిన పేరు. వెనక అందరూ గొంతు కలిపారు. రవికె గుడ్డ మైకుకు రాసుకుంది. ఆ రాపిడి మధ్యలో, చెవి పక్కనే ఉన్నట్టు, నాన్నమ్మ గొంతు.

“సెయాప్, తిను. మీ ఇంటిదాని చెయ్యి కాదు, నాదే. చల్లారకముందే తిను. ఇంకేమీ నన్నడక్కు.”

ఎడ్విజ్ వెనక్కి తిప్పి మళ్ళీ విన్నది. ఇంకోసారి వెనక్కి తిప్పి, వినబోయి ఆపేసింది.

“ఏమంటోంది మామ్మ?” అన్నాడు ఆరూనా. “అనువాదం రాసుకోవాలి కదా.”

“ప్రార్థన,” అంది ఎడ్విజ్.

వంటింట్లో నాన్నమ్మ మాబు చామదుంపలు దంచుతోంది. పొయ్యి మీద పసుపు పులుసు ఉంది. కర్మ బట్ట మూల గూట్లో ఉంది, దుకాణంలో మడిచిన మడతతోనే.

ఎడ్విజ్ పీట లాక్కుని కూర్చుంది.

“నాన్నమ్మా, సెయాప్ ఎవరు?”

రోకలి లేచింది, దిగింది, మళ్ళీ లేచింది.

“ఆ పేరువాళ్ళు కొండ అవతల ఊళ్ళో బోలెడుమంది.”

“మన పుర్రెల గదిలో?”

మాబు రోట్లోకి నీళ్ళు చిలకరించింది.

“ఎవరు చెప్పారు నీకు?”

“నువ్వే. నీ రవికెకు గుండీలాంటిది పెట్టాం చూడు. అది విన్నది.”

“అది మీ బాబాయి గొంతు కోసమన్నావు.”

“నీది దగ్గరగా పడింది.”

“ఇప్పుడు వింటోందా?”

“లేదు. ఇక్కడ ఏమీ లేదు.”

మాబు అయినా మనవరాలి మెడ చూసింది, చేతులు చూసింది. రవికె అంచు కూడా చూసింది.

“ఇంకెవరు విన్నారు?”

“ఆరూనా విన్నాడు. అతనికి మన మాట రాదు.”

“ఆ గిన్నె ఇటు తే. చల్లారితే గట్టిపడుతుంది.”

ఎడ్విజ్ గిన్నె ఇచ్చింది. మాబు దంచిన ముద్ద గిన్నెలోకి తీసింది, రోట్లో ఇంకొన్ని దుంపలు వేసింది.

“మొహాలు పోల్చుకోలేక అతని తల తెచ్చావా?” అంది ఎడ్విజ్. “ఉబ్బిపోయి ఉంటాయి కదా. ఎవరికైనా పొరపాటు జరుగుతుంది.”

“పోల్చుకోలేకపోవడమేమిటే. పొరుగింటివాడు. నా పెళ్ళిలో బాలాఫోన్ వాయించాడు.”

“మరి తాత తల ఎందుకు తేలేదు?”

“ఉంటే కదా.”

పులుసు పొంగింది. ఇద్దరిలో ఎవరూ లేవలేదు. కాసేపటికి మాబు చెయ్యి చాచి మూత పక్కకు జరిపింది.

“కర్రలన్నీ చూశాను,” అంది. “ఆ చివర నుంచి ఈ చివరికి, ఈ చివర నుంచి ఆ చివరికి. ఆయన లేడు. సంతంతా నన్నే చూస్తోంది. ఏడిస్తే ఏదో ఒక కర్ర కింద ఏడవాలి. ఏడవకపోతే, ఏమే, నీ మొగుడేడీ అంటారు. జుయిజె అప్పుడు ముళ్ళకంచె శిబిరంలో ఉంది. టేకామ్ కింద ఏడ్చేవాళ్ళెవరూ లేరు. వెళ్ళి అక్కడ కూలబడ్డాను.”

“తర్వాత?”

“ఏడ్చాక వదిలేసి వస్తారా ఎవరైనా? సైనికుడికి కోడిని ఇచ్చి తెచ్చుకున్నాను. తెచ్చుకున్నాక అన్నం పెట్టాలి కదా. పెట్టాను. వాడి పేరుతోనే పెట్టాను. ఒక్క పూట కూడా మీ తాత పేరుతో పెట్టలేదు.”

“ఊరు మాత్రం తాత చచ్చాడనుకుంది.”

“అనుకోవాలనే.”

“ఆయన ఎక్కడున్నాడు మరి?”

మాబు రోకలి గోడకు ఆనించింది.

“సంతకు ఒకణ్ణి తెచ్చేవాళ్ళు, తలకు గోనెసంచి తొడిగి. జుయిజె చెప్పే ఉంటుంది నీకు.”

చెప్పింది. జనాన్ని నేల మీద కూర్చోబెట్టి సైనికులు వాణ్ణి వరసల మధ్య నడిపించేవాళ్ళు. వాడు మాట్లాడేవాడు కాదు, వేలు చూపించేవాడు. చూపించినవాళ్ళు తర్వాత కర్రల మీద కనిపించేవాళ్ళు. ఆ సంచిలో ఎవడున్నాడో ఈ రోజుకీ తెలియదంది జుయిజె. సినిమాలో ఆ మాట దగ్గర ఎడ్విజ్ సంగీతం పెట్టలేదు. అలాగే వదిలేసింది.

“ఆ సంచికి కళ్ళ దగ్గర రెండు కన్నాలుంటాయి,” అంది మాబు. “కత్తిరించింది నేను.”

మాబు రోట్లో ముద్దను వేలితో మధ్యకు నెట్టింది.

“సైనికులు ఇంటికొచ్చారు. మీ నాన్నను పెరట్లో గోడకు నిలబెట్టారు. నీ బాబాయి నా వీపు మీద ఉన్నాడు. మీ తాత నా వంక చూశాడు. కత్తెర తెమ్మన్నాడు, తెచ్చాను. ఆయన ఒకసారి పట్టుకుని, నువ్వే కత్తిరించు, నాకు కుదరడం లేదు అన్నాడు.”

“ఆ తర్వాత ఆయన...”

“ఆ సంచి తొడుక్కుని వాళ్ళతోనే పోయాడు. ఏ ఊళ్ళో ఉన్నాడో తెలీదు. ఎప్పుడు చచ్చాడో తెలీదు. నాకు కబురు పెట్టలేదు, నేను ఎదురు చూడలేదు.” మాబు గూట్లో బట్ట వైపు తల ఊపింది. “ఆ మొహం నేను నడుముకు చుట్టుకోవాలట. చరిత్ర కావాలన్నావుగా. తీసుకో. శనివారం దుప్పటి మీద వెయ్యి. బట్ట కట్టుకున్నవాళ్ళంతా చూస్తారు.”

“నాన్నమ్మా...”

“లే. దుంపలు మాడుతున్నాయి.”

పొయ్యి మీద దుంపలు లేవు. ఎడ్విజ్ లేచి బయటికి వచ్చింది.

వాకిట్లో జుయిజె నిలబడి ఉంది. ఒక చేతిలో కర్ర. ఇంకో చేతిలో శాంతి ఆకు, తెంపిన మొక్క కాడతో సహా. చంకన గుడ్డలో కట్టిన బరువు. ఆకు పట్టుకుని వచ్చినవాళ్ళను గెంటడానికి లేదు. తాన్యే బల్ల మీద నుంచి లేచి నిలబడ్డాడు. పందిళ్ళు కడుతున్న మేనల్లుళ్ళు తాళ్ళు వదిలేసి చూస్తున్నారు. ఆరూనా కారు దిగి వచ్చాడు, హెడ్‌ఫోన్ మెడలో వేసుకుని.

“గొడవకు రాలేదు తాన్యే. ఆకు తెచ్చాను,” అంది జుయిజె.

“కనిపిస్తూనే ఉంది.”

ఆమె గుడ్డ విప్పింది. అరచేతిలో పట్టేంత రాయి. నూనె ఇంకి నల్లబడింది.

“తల దొరకనివాళ్ళు ఏం చేస్తారో అదే చేశాను. సంత కూడలి నుంచి రాయి తెచ్చుకుని టేకామ్ అనుకున్నాను. ఉప్పు పెట్టాను, నూనె పోశాను. ఒక్కనాడు పలకలేదు. అన్నం అందని తండ్రి కోపానికి నా కొడుకులు ఎలా పోయారో నీకు తెలుసు. నా మనిషిని నాకివ్వు. ఈ రాయి మీ నాన్నకు పెట్టుకో.”

“నీ మనిషని ఏమిటి రుజువు?”

“చెప్పాను కదా, ఆ సినిమాలో.”

“చెప్తే రుజువా? చంద్రుణ్ణి మింగానని నేను చెప్తాను, సినిమా తీస్తారా?”

మేనల్లుళ్ళలో ఒకడు నవ్వి ఆపుకున్నాడు.

“శనివారం కానివ్వు, పెద్దదానా. తర్వాత కూర్చుని మాట్లాడదాం,” అన్నాడు తాన్యే.

“శనివారం మీ నాన్న మొహం కట్టుకుని నా మొగుడి తల చుట్టూ ఆడతారు. తర్వాత మాట్లాడేదేముంది?”

తాన్యే ఎడ్విజ్ వైపు తిరిగాడు.

“చెప్పవమ్మా. రెండేళ్ళు ఊరంతా తిరిగావు. ముసలివాళ్ళందరి నోటి ముందూ మైకు పెట్టావు. ఈ రాయికీ ఆ తలకీ మధ్య నీకు దొరికిన రుజువు ఏదైనా ఉందా? ఉంటే అందరి ముందూ చెప్పు. ఇప్పుడే తలుపు తీస్తాను.”

జుయిజె కూడా ఆమె వైపే చూస్తోంది. వంటింట్లో రోకలి మళ్ళీ మొదలైంది.

“లేదు,” అంది ఎడ్విజ్.

“ఏమిటి?”

“రుజువు ఏదీ లేదు బాబాయ్.”

తాన్యే టోపీ సర్దుకున్నాడు. తర్వాత మెడలో తాళంచెవి తీశాడు. వంగి తలుపు తెరిచి లోపలికి వెళ్ళాడు. సంచి పట్టుకుని బయటికొచ్చి, దాని మీద మట్టి తన చేత్తోనే దులిపి, ఎడ్విజ్ చేతుల్లో పెట్టాడు.

“ఈ మాట పొద్దున్నే అని ఉంటే సరిపోయేది. ఏది ఉంచుతావో ఏది తీస్తావో ఇక నీ ఇష్టం. నువ్వు మా పిల్లవి.”

ఆయన మళ్ళీ తాళం వేశాడు.

జుయిజె రాయిని గుడ్డలో చుట్టడం మొదలుపెట్టింది. ముడి పడలేదు. రెండోసారీ పడలేదు. వదిలేసి ఆరూనా వైపు చూసింది.

“అబ్బాయ్, నేను ఆ రోజు చెప్పింది నీ డబ్బాలో ఉందా? ఒకసారి విననివ్వు. అంతా అబద్ధమంటున్నారు. నేనే ఏదైనా తప్పు చెప్పానేమో.”

ఆరూనాకు మాట అర్థం కాలేదు, ఆమె వేలు చూపించింది అర్థమైంది. ముసలివాళ్ళకు తమ గొంతు వినిపించడం అతనికి సరదా. మెడలోని హెడ్‌ఫోన్ తీసి, తలగుడ్డ సర్ది, ఆమె చెవులకు పెట్టాడు. రికార్డరు ఎడ్విజ్ ఆపిన చోటే, నైవేద్యం దగ్గరే, ఆగి ఉంది. అతను చూసుకోలేదు.

ఎడ్విజ్ చూసింది. వద్దు అంటే సరిపోయేది. రెండు చేతుల్లోనూ సంచి ఉంది.

ఆరూనా మీట నొక్కాడు.

జుయిజె తల కొంచెం వంచి విన్నది. ముందు ఏమీ లేదు. తర్వాత ఆమె చేతిలోని ఆకు కిందికి దిగింది. పెదవులు కదిలాయి. శబ్దం రాలేదు. ఆ పేరు ఆమె పలకడం ఎడ్విజ్‌కు కనిపించింది.

ఆమె హెడ్‌ఫోన్ ఒక చెవి నుంచి పక్కకు జరిపింది. తాన్యేను చూడలేదు, ఎడ్విజ్‌ను చూసింది.

“ఇది నా గొంతు కాదు తల్లీ. ఎవరిది?”

వంటింట్లో రోకలి ఆగింది.